ఏడో లైనులో అమ్మవారు

జుట్టంతా టోపీలోకి దోపుకుంటుంటే ఎడమ చెవి వెనక ఏదో వేలికి తగిలింది. చెమటకాయ అనుకున్నాను. మళ్ళీ తడిమి చూశాను. మెత్తగా, నీళ్ళు నిండినట్టు ఉంది.

కంపెనీలో మేం బట్టలు మార్చుకునే గదికంతా ఒకటే అద్దం. ఒక్క వెంట్రుక బయటికి కనిపించినా లోపలికి పంపరు కాబట్టి దాని ముందు ఎప్పుడూ పదిమంది ఉంటారు. నేను అటు పోలేదు. పోయినా చెవి వెనక నాకు కనిపించదు, ఎవరినైనా చూడమని అడగాలి. ఆ గదిలో ఆరు నెలలుగా నేను ఎవరినీ ఏదీ అడిగింది లేదు. గోడ వైపు తిరిగి కోటు లోపలికి చెయ్యి పెట్టి చూసుకున్నాను. పొట్ట మీద ఇంకో రెండు ఉన్నాయి.

అప్పుడు అర్థమైంది. పదిహేను రోజుల కిందట మా చెల్లెలు లోహితకు కూడా మొదట పొట్ట మీదే వచ్చాయి.

లోహిత మూడో తరగతి. బడి నుంచి జ్వరంతో వచ్చి పడుకుంది, మర్నాటికి ఒళ్ళంతా నీటిపొక్కులు. మా అవ్వ మునెమ్మ దాన్ని చూడగానే చెంపలు వేసుకుని, వాకిట్లో వేపకొమ్మ కట్టింది. మా ఊళ్ళో దాన్ని జబ్బు అనరు. అమ్మవారు వచ్చింది అంటారు, అది కూడా ఇంట్లోవాళ్ళ మధ్యే, గొంతు తగ్గించి. అమ్మవారు ఉన్నన్నాళ్ళు పొయ్యి మీద తాలింపు వెయ్యరు. ఇంట్లోవాళ్ళు నలుగురిలోకి పోరు. బయటివాళ్ళకు నోరు తెరిచి చెప్పరు. చెబితే ఆమెకు కోపం. చెప్పాల్సిన పని కూడా ఉండదు. వేపకొమ్మ చూసినవాళ్ళు తామే తెలుసుకుని వేరే వీధిలో పోతారు.

ఆశా కార్యకర్త తిరుమలమ్మ మాత్రం వాకిటి దాకా వచ్చి, అక్కడే నిలబడి మాత్రలు ఇచ్చింది.

"ఇంట్లో ఇంకెవరికన్నా వస్తాదేమో రెండు మూడు వారాలు సూసుకోండి. చిన్నప్పుడు ఒకసారి వచ్చిపోయినోళ్ళకి భయం లేదు. కడుపుతో ఉండే ఆడోళ్ళకి వస్తేనే కష్టం. లోపల బిడ్డకి దెబ్బ తగలొచ్చు" అంది.

"వాకిట్లో నిలబడుకోని అట్లాంటి మాటలు అనొద్దు మే, పో" అని అవ్వ ఆమెను తరిమినంత పని చేసింది.

ఆ రోజు మా ఇంట్లో పెద్ద పేచీ జరిగింది. నేను పనికి పోవాలా వద్దా అని.

మా నాయన ఢిల్లీబాబుకు ఏర్పేడు అవతల రెండెకరాల శెనక్కాయ చేను ఉండేది. ఎనిమిదేళ్ళ కిందట కంపెనీల కోసం ఊరి పొలాలన్నీ తీసుకున్నప్పుడు అదీ పోయింది. భూమి ఇచ్చిన ప్రతి ఇంటికీ ఒక ఉద్యోగం అని పేపరు ఇచ్చారు. నాయన పదో తరగతి కాలేదు కాబట్టి ఆయనకు కంపెనీ తోటలో నీళ్ళు పట్టే పని, అదీ కాంట్రాక్టరు కింద, దొరికింది. ఆ పేపరు నేను ఇంటరు పాసయ్యే దాకా ఇనప పెట్టెలో ఉంది. ఇప్పుడు మా వీధి నుంచే పదకొండుమంది ఆడపిల్లలం తెల్లారకముందే బూట్లు వేసుకుని కంపెనీ బస్సు కోసం నిలబడతాం. అదే వేళకు మా అమ్మ వయసు వాళ్ళు ఒకప్పుడు కలుపుకు పోయేవాళ్ళు. సంబంధాలు అడగడానికి వచ్చేవాళ్ళు కూడా ఇప్పుడు ముందుగా అడిగేది ఏ కంపెనీ, ఏ షిఫ్టు అనే.

"అమ్మవారు ఇంట్లో ఉండంగా బిడ్డ గడప దాటి పదిమందిలోకి పోతాదా?" అంది అవ్వ.

మా అమ్మ ప్రసన్నకుమారి అవ్వకు ఎదురు చెప్పడం నేను ఎక్కువగా చూడలేదు. ఆ రోజు చెప్పింది. "ఆరు నెలల ట్రైనింగు అత్తా. ఆఖరి నెలలో మూడు దినాలు రాకపోతే మళ్ళా మొదట్నుంచి అంటారు."

"మొదట్నుంచి అంటే మొదట్నుంచే పోనీ. ఏమైతాది?"

"అట్లంటే ఇంటికి పంపిస్తారని అర్థం. పోయిన నెల పక్క లైను పిల్ల ఒకత్తి కామెర్లని పోయి వచ్చేటప్పటికి ఆ స్టూలు మీద ఇంకొకత్తి కూర్చోని ఉండాది."

"రెండెకరాలు ఇచ్చి తెచ్చుకున్న పేపరు గదమ్మా" అన్నాడు నాయన. ఆయన అంతకన్నా ఎక్కువ మాట్లాడడు. ఆ విషయంలో నాది ఆయన పోలికే.

చివరికి అవ్వ ఒప్పుకుంది. అమ్మవారని పెట్టుకున్న పసుపు ముద్ద ముందు కూర్చుని, "తల్లీ, బిడ్డ కూటి కోసం పోతాది, తప్పు ఎంచొద్దు" అని చెప్పుకుంది. నా వైపు తిరిగి, "పోతే పో. ఆడ మాత్రం నోరెత్తొద్దు" అంది.

నోరెత్తకుండా ఉండడం నాకు చాలా తేలిక. ఆ పదిహేను రోజులూ అలాగే పోయి వచ్చాను. లోహిత పొక్కులు మాడి రాలిపోయాయి. వేపాకు నీళ్ళతో తలకు పోశారు, వాకిట్లో కొమ్మ తీసేశారు. అంతా అయిపోయిందనుకున్నాం. ఇప్పుడు బుధవారం తెల్లవారుజామున, బస్సులో యాభైమంది పక్కన కూర్చుని వచ్చేశాక, నాకు. శనివారం నా చేతికి పర్మినెంటు పేపరు రావాలి.

మాస్కు కట్టుకున్నాను. టోపీ మెడ దాకా లాగాను. కోటు, చేతి తొడుగులు, బూట్ల మీద తొడుగులు. లోపలికి పోయేముందు గాలి గదిలో నిలబడాలి, నాలుగు వైపుల నుంచి గాలి కొట్టి దుమ్ము దులుపుతుంది. అది దులిపే దుమ్ములో ఇది పోదని నాకు తెలుసు. మా అందరిలో కళ్ళు తప్ప ఏమీ బయటికి కనిపించవు. నా మొహం మీద ఎన్ని వచ్చినా ఎవరికీ తెలియదు.

నా పక్క స్టూలు ఎస్తేరక్కది.

మా ఏడో లైనులో పని ఏమిటంటే, ఫోనులో కెమెరా కూర్చునే బొటనవేలి గోరంత చట్రానికి నేను ఒక పలచటి పొర అంటిస్తాను, ఎస్తేరక్క దాన్ని కటకం కింద పెట్టి చూసి ముందుకు పంపుతుంది. గంటకు నూట ఎనభై. మొదటి వారం నా చెయ్యి వణికి పొరలన్నీ పాడవుతుంటే లైన్ లీడరు రాజారత్నం సార్ వెనక నిలబడేవాడు. ఆయన నిలబడితే ఇంకా వణికేది. అప్పుడు ఎస్తేరక్కే నా పట్టుకారు సరిగ్గా పట్టించింది. "ఊపిరి బిగబట్టొద్దు మే. వదుల్తా అంటించు. బియ్యంలో రాయి ఏరినట్ల" అంది. ఆమె సత్యవేడు వైపు నుంచి వస్తుంది. ఇరవై నాలుగేళ్ళు. భర్త పాల్ అన్న ఇంకో కంపెనీలో సరుకు ఎత్తే బండి నడుపుతాడు.

పోయిన వారం చేతులు కడుక్కునే చోట ఆమె నా చెవిలో చెప్పింది. "మూడో నెల మే. నీ ఒక్కదానికే చెప్తా ఉండా. నీకు నోరే లేదు గదా, గోడకు చెప్పినట్లే."

నేను నవ్వాను. ఆమె నవ్వలేదు. పోయిన సంవత్సరం ఒకటి పోయిందని చెప్పింది. ఈసారి కడుపు కనిపించే దాకా కంపెనీలో చెప్పనంది. ఆమె కాంట్రాక్టు వచ్చే నెలలో తిరగరాస్తారు. కడుపుతో ఉన్నవాళ్ళకు తిరగరాయరని ఎవరూ కాగితం మీద పెట్టలేదు. కానీ ఇంతవరకూ ఒక్కరికి రాసినట్టు కూడా ఎవరూ చూడలేదు.

ఆ బుధవారం పొద్దున ఆమె మోచెయ్యి నా మోచేతికి తగులుతూనే ఉంది. స్టూళ్ళు అంత దగ్గర. నేను స్టూలు అంచుకు జరిగాను. ఆమె నా వైపు చూసి కళ్ళతోనే ఏమిటని అడిగింది. ఏమీ లేదని తల ఊపాను. చిన్నప్పుడు ఒకసారి వచ్చిపోయినవాళ్ళకు భయం లేదు. తిరుమలమ్మ చెప్పిన ఆ మాటనే పట్టుకుని కూర్చున్నాను. ఆమెకు వచ్చే ఉంటుంది. అందరికీ వస్తుంది. ఒక్క మాట అడిగితే తెలిసిపోతుంది. అక్కా, నీకు చిన్నప్పుడు అమ్మవారు పోసిందా? అంతే. కానీ ఎందుకు అడుగుతున్నావంటే ఏం చెప్పాలి?

పొర అంటిస్తున్న ప్రతిసారీ ఆ మాట నోటి దాకా వచ్చి ఆగింది. మాస్కు లోపల పెదవులు కదిపి చూసుకున్నాను కూడా.

ఎనిమిదిన్నరకు టిఫిన్. క్యాంటీన్‌లో మాస్కు తియ్యక తప్పదు. నేను మూలనున్న బల్ల దగ్గర ఒక్కదాన్నే కూర్చున్నాను. ఎస్తేరక్క ఇంకో ఇద్దరిని వెంటేసుకుని నా బల్ల దగ్గరికే వచ్చింది.

"ఏం మే, సన్యాసుల్లో కలిసినావా? ఈడ కూర్చున్నావు?"

"కంపెనీ సాంబారు సూస్తే ఎవురికైనా సన్యాసం పుడతాది" అంది పక్కనావిడ.

అందరూ నవ్వారు. ఎస్తేరక్క నా గిన్నె మూత తీసి, "మీ అమ్మ నిమ్మకాయన్నం చేసిందా? నాకు రెండు దినాలుగా పులుపు తప్ప ఏదీ లోపలికి పోలేదు" అంటూ అందులోనే చెయ్యి పెట్టింది. నేను అప్పటికే అందులో రెండు ముద్దలు తిన్నాను. గిన్నె వెనక్కి లాక్కోవాలి. లాక్కోలేదు. ఆమె తింటుంటే చూస్తూ కూర్చున్నాను.

"ఎందుకట్ల సూస్తా ఉండావు? నీ అన్నం నీకు మిగిలిస్తాలే" అని, చేతి వెనక భాగం నా నుదుటికి ఆనించింది. "మే, కాల్తా ఉండాదే. జొరమా?"

"లేదక్కా. ఎండ."

"ఏసీలో ఎండ యాడిది మే?"

"బస్సులో... నిద్ర లేదు."

ఆమె కాసేపు నా మొహంలోకి చూసింది. అప్పటికి మొహం మీద ఏమీ లేవు. అక్కా అన్నాను. ఏం అంది. బెల్లు మోగింది. ఏమీ లేదు అన్నాను. ఆమె నా గిన్నె కూడా తనే కడిగి తెచ్చి ఇచ్చింది.

మధ్యాహ్నం రెండింటికి షిఫ్టు అయ్యేటప్పటికి నా ఒళ్ళంతా సలుపు. బస్సులో వెనక సీటులో, దుపట్టా మొహానికి చుట్టుకుని, కిటికీ వైపు తిరిగి కూర్చున్నాను. నేను వదిలిన ఊపిరి బయటికే పోవాలని.

ఇంటికి వచ్చి దుపట్టా తియ్యగానే అవ్వ లేచి నిలబడింది. నుదుటి మీద ఒకటి వచ్చిందట. ఆమె చెప్పులు లేకుండా వీధిలోకి పోయి వేపకొమ్మ విరుచుకుని వచ్చింది.

అమ్మ నా గడ్డం పట్టుకుని మొహం అటూ ఇటూ తిప్పి చూసింది. "మొహం మీద ఒకటే. మాస్కు ఉండాది. రేపు, ఎల్లుండి, ఆ తరవాత శనివారం. మూడు దినాలే గదా బంగారూ. జొరానికి మాత్ర ఇస్తాను. పోయి రా."

అమ్మ చెడ్డది కాదు. ఆ మాట ఆమె ఏడుస్తూ అంది.

"అమ్మా, నా పక్కన కూర్చునే ఎస్తేరక్క కడుపుతో ఉండాది" అన్నాను.

అమ్మ నా గడ్డం వదిలేసింది. వేపకొమ్మకు తాడు కడుతున్న అవ్వ చేతులు ఆగాయి.

"ఎన్నో నెల?" అంది అవ్వ.

"మూడు. పోయినసారి ఒకటి పోయిందంట."

"ఆ బిడ్డకి తెలుసునా, నీకు వచ్చిందని?"

"ఎట్ల తెలుస్తాది అవ్వా? నోరెత్తొద్దు అన్నావు గదా."

అవ్వ వాకిలి వైపు చూసింది, తర్వాత చేతిలోని కొమ్మను చూసింది. "మన వూర్లో నోరెత్తకపోయినా ఇది చెప్తాది. ఆడ ఎవురు చెప్తారు? ఆడ నువ్వేం కట్టినావు?" అని అడిగింది. కోపంగా కాదు, నిజంగానే తెలుసుకోవాలని అడిగినట్టు అడిగింది.

నేను ఏడ్చాను. గడప దాటకూడదన్నది వదిలేశాం. నోరెత్తకూడదన్నది మాత్రం పట్టుకున్నాం. మాకు ఏది కుదిరితే అది పట్టుకున్నాం.

ఎస్తేరక్క నంబరు నా దగ్గర లేదు. నాకు ఫోనే లేదు. నాయన ఫోనులో కంపెనీ నంబరు ఒక్కటే ఉంది, తోట కాంట్రాక్టరుది. అతనికి చెబితే రేపటి నుంచి నాయనకు పని ఉండదు. పైగా ఎస్తేరక్క దాచుకున్న మాట అతని నోట్లో పడుతుంది. మా వీధి పిల్లలతో చెప్పి పంపినా అది బస్సంతా తెలిసిపోతుంది. నేను రోజూ రాసుకునే నోటుబుక్కులో ఆ సాయంత్రం అమ్మవారి పేరు కూడా రాయలేకపోయాను. "వచ్చింది" అని ఒక్క మాట రాసి మూసేశాను.

"పొద్దున నేను గేటు దగ్గరికి పోతా నాయనా" అన్నాను. "లోపలికి కాదు. దూరంగా నిలబడి చెప్తా."

"నేను పోయి చెప్తాలే. ఆ పిల్ల ఎట్లుంటాదో చెప్పు."

పరాయి మగమనిషి గేటు ముందు నిలబడి, కడుపుతో ఉండే ఎస్తేరు ఎవరమ్మా అని అడగడం తలచుకున్నాను. వద్దన్నాను. నాయన సరేనన్నాడు. అమ్మ శనివారం సంగతి మళ్ళీ ఎత్తలేదు. వంటింట్లోకి పోయి, అప్పుడే పొయ్యి మీద పెట్టిన తాలింపు గరిటె దించేసింది.

గురువారం బస్సు ఎక్కలేదు. నాయన మోపెడ్ మీద తీసుకుపోయి, గేటుకు ఎదురుగా రోడ్డు అవతల దించాడు. ఆయనకు తోటమాలుల గేటు వేరే, ఐదున్నరకే హాజరు వెయ్యాలి. "భయపడొద్దు" అని చెప్పి పోయాడు. నేను మురికి కాలవ గట్టు మీద నిలబడ్డాను. అప్పుడప్పుడే వెలుతురు వస్తోంది.

బస్సులు ఒకదాని వెనక ఒకటి వచ్చి ఆగాయి. సత్యవేడు, నాగలాపురం, శ్రీకాళహస్తి, సూళ్ళూరుపేట. ఒక్కో బస్సులోంచి యాభై మంది దిగుతున్నారు. అందరి మెడల్లో ఒకే రకం కార్డు, అందరి చేతుల్లో ఒకే రకం పారదర్శకమైన సంచి. ఇంతమందిలో ఒక మనిషిని వెతకడం ఎంత కష్టమో అక్కడ నిలబడితేగాని తెలియలేదు. అందరూ ఎస్తేరక్కలాగే కనిపించారు. ఆమె అప్పటికే లోపలికి పోయిందేమోననుకుని గేటు వైపు మెడ చాచి చూశాను.

అంతలో కనిపించింది. నడుం మీద ఒక చెయ్యి పెట్టుకుని నెమ్మదిగా నడుస్తోంది.

అక్కా అని పిలిచాను. నా గొంతు నాకే వినిపించలేదు. ఆమె గేటు వైపు ఇంకో పది అడుగులు వేసింది.

"ఎస్తేరక్కా!"

నేను బడిలో పాఠం కూడా అంత గట్టిగా చదవలేదు. గేటు దగ్గర ఉన్న వాచ్‌మన్ కూడా తల తిప్పాడు. ఎస్తేరక్క నన్ను చూసి నవ్వుతూ రోడ్డు దాటింది.

"ఏం మే, బస్సు తప్పిపోయిందా? ఆడ కాలవ గట్టున ఏం చేస్తా ఉండావు, కప్పలు పడతా ఉండావా?"

"రావద్దక్కా. ఆడనే ఉండు."

ఆమె ఇంకా వస్తోంది. నేను వెనక్కి అడుగు వేశాను. ఇంకో అడుగు వేస్తే కాలవలో పడతాను.

"దెయ్యం పట్టిందా మే నీకు?"

"రావద్దు! నాకు అమ్మవారు పోసింది. నిన్ననే వచ్చింది. నీకు చిన్నప్పుడు వచ్చిందా అక్కా? వచ్చిందా లేదా చెప్పు!"

రోడ్డు మీద నడుస్తున్నవాళ్ళంతా ఆగిపోయారు. ఎస్తేరక్క నవ్వు మొహం మీద అలాగే ఉండిపోయింది. ఆమె చెయ్యి మాత్రం కడుపు మీదికి పోయింది. నేను కడుపు మాట ఎత్తలేదు. ఆ చెయ్యే అందరికీ చెప్పేసింది. ఆమెకూ అది తెలిసి, చెయ్యి తీసి సంచి పట్టుకుంది. కానీ అప్పటికే చూడాల్సినవాళ్ళు చూశారు.

రాజారత్నం సార్ గేటు లోపలి నుంచి వచ్చాడు. ఆయనది తమిళనాడులో గుడియాత్తం. "ఏమ్మా గలాటా? టైము ఐదు యాభై. సీక్రం లోపలికి పదండి" అన్నాడు. ఎవరూ కదల్లేదు. ఎవరో ఆయనకు చెప్పారు. ఆయన నా వైపు చూశాడు. తర్వాత ఎస్తేరక్క వైపు. "నిన్న నువ్వు లైన్లో కూర్చున్నావా లేదా?" అని రోడ్డు ఇవతలికి అరిచాడు.

"కూర్చున్నాను సార్."

"అయ్యయ్యో" అని తల పట్టుకున్నాడు. ఆయన భయపడింది లైను కోసమా, ఆడవాళ్ళ కోసమా, నాకు తెలియదు. కానీ కంపెనీ నర్సును ఆయనే పిలిపించాడు.

నర్సు పరిగెత్తుకుంటూ వచ్చి, రోడ్డు మీదే ఏడో లైను వాళ్ళందరినీ ఒక పక్కకు నిలబెట్టింది. ఆమె మాట నెమ్మదిగానే ఉంది. "భయపడాల్సిన పని లేదు. చిన్నప్పుడు వచ్చినవాళ్ళకు ఏమీ కాదు. గర్భంతో ఉన్నవాళ్ళు ఎవరైనా ఉంటే ఇటు రండి. పది రోజుల లోపల అయితే ఇంజెక్షన్ ఉంది."

ఎస్తేరక్క ఒక్కతే పోయి నిలబడింది. తల దించుకుంది.

"ఇంకెవరైనా?"

ఎవరూ కదల్లేదు. వాచ్‌మన్లు చూస్తున్నారు. వేరే లైన్లవాళ్ళు చూస్తున్నారు. రాజారత్నం సార్ చేతిలో హాజరు ఉండే ట్యాబు ఉంది. నర్సు వెనక్కి తిరిగి, "సార్, మీరు కొంచెం లోపలికి పోతారా?" అంది. ఆయన ఒక నిమిషం నిలబడి, పోయాడు.

నిన్న క్యాంటీన్‌లో సన్యాసం మాట అన్నావిడ వరసలోంచి బయటికి వచ్చి ఎస్తేరక్క పక్కన నిలబడింది. ఆ తర్వాత చివరి స్టూలు మీద కూర్చునే, నాతో ఎప్పుడూ మాట్లాడని అమ్మాయి ఏడుస్తూ వచ్చింది. ఆ తర్వాత ఇంకొకరు. నలుగురు. ముప్ఫై రెండు మంది ఉన్న లైనులో నలుగురు, ఒకరికి తెలియకుండా ఒకరు దాచుకుని కూర్చున్నారు.

ఒక్క ఎస్తేరక్క గురించే భయపడుతూ వచ్చాను. నిన్న ఆ సన్యాసం మాటన్న ఆమె నా ఎదురుగానే కూర్చుంది. ఏడుస్తున్న అమ్మాయికి పైకి పోతూ మెట్ల మీద నా భుజం తగిలింది.

ఎస్తేరక్క నర్సు ఫోను తీసుకుని వాళ్ళమ్మ నాగులమ్మకు చేసింది. ఫోను చెవికి ఆనించలేదు, స్పీకరు పెట్టి చేతిలో ఎత్తి పట్టుకుంది. ఆ పెద్దావిడ గొంతు నా దాకా వినిపించింది.

"నీకా? మీ అన్నకు వచ్చింది. చిన్నోనికి వచ్చింది. నీకు... ఏమో మే. ఐదుమంది పిల్లోళ్ళు. నేను కూలికి పోయి వచ్చేటప్పటికి ఎవురికి ఏమొచ్చి ఏం పోయిందో. ఎందుకు అడగతా ఉండావు? మే, ఎందుకు?"

ఎస్తేరక్క ఫోను తిరిగి నర్సుకు ఇచ్చేసింది. నలుగురినీ కంపెనీ వ్యాను ఎక్కించారు, తిరుపతి ఆసుపత్రికి. వ్యాను మెట్టు మీద కాలు పెట్టి ఎస్తేరక్క నా వైపు తిరిగింది.

"నిన్ననే చెప్పొచ్చు గదా మే" అంది. "నీ గిన్నెలోనే తిన్నాను గదా."

తిట్టలేదు. తిట్టినా బాగుండేది.

నర్సు నన్ను ఇంటికి పొమ్మని రోడ్డు అవతల నుంచే చెప్పింది. ఏ బస్సూ నన్ను ఎక్కించుకోదు, నేనూ ఎక్కను. నాయన షిఫ్టు అయ్యే దాకా ఆ కాలవ గట్టు మీదే తలకు దుపట్టా కప్పుకుని కూర్చున్నాను. నన్ను చూసి జనం రోడ్డు అవతలి అంచు మీద నడిచారు. వేపకొమ్మ కట్టిన ఇల్లు ఎలా ఉంటుందో అప్పుడు తెలిసింది.

నెత్తురు పరీక్షల ఫలితాలు రెండు రోజుల తర్వాత వచ్చాయి. నలుగురిలో ఇద్దరికి చిన్నప్పుడు వచ్చిందట, వాళ్ళకు భయం లేదు. ఏడ్చిన అమ్మాయికీ, ఎస్తేరక్కకూ రాలేదు. ఇంజెక్షను మద్రాసు నుంచి తెప్పించి వేశారు. వేసినా ఇరవై ఎనిమిది రోజులు ఒళ్ళు చూసుకుంటూ ఉండాలని డాక్టరు చెప్పింది. శనివారం గడిచిపోయింది. నా పర్మినెంటు పేపరు గురించి కంపెనీ ఔననలేదు, కాదనలేదు. అమ్మ రోజూ నాయన రాగానే మొహం వైపు చూస్తుంది. ఆయన తల అడ్డంగా ఊపుతాడు.

ఆరో రోజున పాల్ అన్న నాయన నంబరు ఎక్కడో సంపాదించి ఫోన్ చేశాడు. "మీ పాపకు ఇయ్యప్పా. మా ఆమె మాట్లాడాలంటా ఉండాది."

ఫోను చెవి దగ్గర పెట్టుకున్నాను.

"మే. నీకు మొదట ఎట్లుండింది?" అంది ఎస్తేరక్క. "దురదనా, మంటనా? యాడ వచ్చింది ముందు?"

ఆమె నన్ను క్షమించానని చెప్పలేదు. నేను అడగలేదు. చెవి వెనక అని చెప్పాను. తర్వాత పొట్ట. ముందు రోజు నడుం సలిపిందని, అన్నం చేదుగా అనిపించిందని చెప్పాను. ఆమె అడిగింది, నేను చెప్పాను. అలా అరగంట. నా జీవితంలో ఎవరితోనూ అంతసేపు మాట్లాడలేదు. అప్పటి నుంచి రోజూ సాయంత్రం నాలుగింటికి చేస్తుంది. పొద్దున లేవగానే పాల్ అన్న ఆమె వీపు చూస్తాడు. వీపు తనకు కనిపించదు కదా. మొహం, చేతులు తనే చూసుకుంటుంది. చూసుకున్నది నాకు చెబుతుంది.

పదిహేడో రోజు నాలుగింటికి కాదు, పొద్దున ఎనిమిదింటికే ఫోను మోగింది.

"మే, మెడ కింద ఒకటి ఉండాది."

"ఒకటేనా? పొట్ట మీద సూసినావా?"

"ఒకటే. ఎర్రగా ఉండాది."

"నీళ్ళు ఉండాయా?"

"తెలీలేదు మే. పాల్ లేదంటాడు. వానికేం తెలుస్తాది?"

"జొరం?"

"లేదు. లేదనుకుంటా. నువ్వు చెప్పు, ఏందది?"

నాకు ఎలా తెలుస్తుంది? చూడకుండా, యాభై కిలోమీటర్ల అవతల నుంచి? కానీ ఆమె నన్నే అడుగుతోంది. "అదే అయితే సాయంత్రానికి నీళ్ళు పడతాది అక్కా. ఇంకా నాలుగైనా వస్తాయి. ముట్టుకోవద్దు. ఆసుపత్రికి ఇప్పుడే పోండి, నా మాట నమ్ముకోని ఇంట్లో ఉండొద్దు."

వాళ్ళు పోయారు. ఆ రోజు నేను అన్నం తినలేదు. నాయన ఫోను ఇంట్లోనే వదిలి పోయాడు. లోహిత దాన్ని చేతిలో పట్టుకుని నా చుట్టూ తిరిగింది. అవ్వ గోడకు ఆనుకుని కూర్చుని ఏదో చెప్పుకుంటోంది. ఈసారి ఆమె ఎవరి బిడ్డ కోసం చెప్పుకుంటోందో పెదవులు చూస్తే అర్థమైంది, ఎస్తేరు అనే పేరు ఆమె నోటికి సరిగ్గా తిరగడం లేదు.

మూడు ముప్పావుకు మోగింది.

"అణిగిపోయింది మే" అంది ఎస్తేరక్క. "చీమో, దోమో. డాక్టరమ్మ కండ్లద్దాలు పెట్టుకోని సూసింది."

నేను ఏడుస్తున్నానని ఆమెకు తెలిసి ఉంటుంది.

"ఇంకా పదకొండు దినాలు" అంది. "ఆ తర్వాత స్కానింగు. కాళ్ళు, చేతులు, తలకాయ, అన్నీ ఉండాయా అని సూస్తారంట."

"ఊఁ."

"నాకు భయంగా ఉండాది జయంతీ."

"నాక్కూడా అక్కా."

పాల్ అన్న వెనక నుంచి ఏదో అన్నాడు. ఎస్తేరక్క అతనితో, "కాస్త తాళప్పా, మాట్లాడతా ఉండా గదా" అంది. ఆ తర్వాత మేం ఇద్దరం ఏమీ మాట్లాడుకోలేదు. కానీ ఆమె ఫోను పెట్టలేదు.